బ్యూలా పెద్దమ్మ పౌడరు డబ్బా

చికాగో నగరంలో లూరీన్ అనే నల్లజాతి మోడల్ ఉండేది; మనిషి బంగారమే గానీ, తన పౌడరు డబ్బా మూత ఇంకొకరి ముందు తీయాలంటే మాత్రం ఆమెకి ప్రాణం మీదికొచ్చేది.

పౌడరు డబ్బాకి ఇంత రాద్ధాంతమా అనుకోకండి. ఆ రోజుల సంగతి వేరు. అప్పట్లో మోడల్ అంటే కొత్త బట్టలు వేసుకుని, పెద్ద హోటళ్లలో జనం ముందు నడిచి చూపించాలి. ముఖానికి రంగు వేసుకునే బల్ల మీద డబ్బాలు బోలెడు ఉండేవి. అన్నీ తెల్లవాళ్ల ఒంటికి నప్పేవే! నల్లపిల్ల ఎవరైనా అవి రాసుకుందా, దీపాల వెలుగులో ముఖం బూడిద పూసినట్టు కనపడేది. అందుకని వాళ్లు ఎవరి పౌడరు వాళ్లే ఇంట్లో కలుపుకుని సంచిలో పెట్టుకుని వెళ్లేవాళ్లు.

లూరీన్‌కి ఆ పౌడరు కలపడం నేర్పింది బ్యూలా పెద్దమ్మ. తల్లి లేని పిల్లని పెంచి పెద్దచేసింది ఆవిడే. పేటలోని ఆడవాళ్లకి తన వంటింట్లోనే తలలు దువ్వి ముస్తాబు చేసేది. శనివారం వచ్చిందంటే ఆ వంటింటి సందడి చూడాలి! ఉంగరాల జుట్టు సాపు చేసే ఇనుప దువ్వెన పొయ్యి మీద కాలుతూ ఉండేది. నూనె వాసన వీధి దాకా కొట్టేది. కబుర్లకి అంతూ పొంతూ ఉండేది కాదు. పెద్దమ్మ ఇటుక రంగు పొడీ, కాఫీ రంగు పొడీ కలిపి, పాత మేజోడులో పోసి జల్లించేది. చిన్న లూరీన్ బుగ్గ మీద కాస్త రాసి చూసి, "ఇదిగో, ఇదీ మన రంగు!" అని మురిసిపోయేది. ఎవరడిగినా కాదనకుండా పొట్లం కట్టి ఇచ్చేది. ఎంత చక్కని రోజులవి!

పెద్దమ్మ పోయాక ఆ వంటిల్లూ, బిస్కెట్ల డబ్బాలో ఆ పౌడరూ లూరీన్‌కి మిగిలాయి. పొట్లాలు కట్టే అలవాటు మాత్రం మిగల్లేదు.

లూరీన్ పేరు ఊరంతా మారుమోగింది. పత్రికల్లో ఫోటోలు పడ్డాయి. అడపాదడపా సినిమాల్లో చిన్న వేషాలు కూడా వేసింది. ఒక సినిమాలో మేడ మెట్లు దిగి వచ్చి, ఒక్క మాట అని వెళ్లిపోతుంది. ఆ ఒక్క మాట వినడానికి పేట పేటంతా టిక్కెట్లు కొనుక్కుని వెళ్లి, హాలు దద్దరిల్లేలా చప్పట్లు కొట్టారు.

అయినా లూరీన్‌కి లోపల భయమే. ఊళ్లో జరిగే పెద్ద ప్రదర్శనకి ఏటా నల్లపిల్లని ఒక్కర్తినే పిలిచేవాళ్లు. "మనలాంటివాళ్లకి ఉన్నది ఒకటే కుర్చీ. నేను లేచానంటే ఇంకొకరు కూర్చుంటారు," అనుకునేది.

ఒక ఏడాది ప్రదర్శన జరిపించే ఫ్లెచర్ ఆమెను పిలిచి, "ఈసారి మీవాళ్లలోనే ఇంకో అమ్మాయిని కూడా రమ్మన్నాను. జనానికి నచ్చితే వచ్చే ఏడు ఇంకొందర్ని పిలుద్దాం," అన్నాడు. లూరీన్ గుండెల్లో రాయి పడింది.

ఆ అమ్మాయి పేరు డెలియా. ప్రదర్శనలకి కొత్త. ఇంత పెద్ద హోటల్లో అన్ని రంగులూ ఉండకపోతాయా అనుకుని, పాపం, వట్టి చేతులతో వచ్చింది. బల్ల మీద డబ్బాలన్నీ వెతికి బిక్కమొహం వేసింది.

"అక్కా, కాస్త నీ పౌడరు పెడతావా?" అని అడిగింది.

లూరీన్ కాలితో సంచిని కుర్చీ కిందకి నెట్టింది. "అయిపోయిందమ్మా, ఖాళీ," అంది.

"అయ్యో, అలాగా అక్కా! నీ ముఖానికి సరిపోయింది, అంతే చాలు," అంది ఆ వెర్రిబాగుల పిల్ల.

గత్యంతరం లేక డెలియా బల్ల మీదిదే రాసుకుని వెళ్లింది. దీపాల కింద ఆమె ముఖం బూడిదలా తేలింది. జనంలో గుసగుసలు మొదలయ్యాయి. ఎవరో కిసుక్కుమన్నారు. పిల్ల అడుగులు తడబడ్డాయి. వెనకే లూరీన్ మహారాణిలా నడిచింది. చప్పట్లు మోగాయి. "నా కుర్చీ నాకే ఉంది," అని గుండె మీద చెయ్యి వేసుకుంది.

ప్రదర్శన అయ్యాక ఫ్లెచర్ వచ్చాడు. "ఏమీ అనుకోకు లూరీన్. మీవాళ్ల ముఖాలకి ఈ దీపాలు పడవని తేలిపోయింది. ఇకనుంచి ఎవర్నీ పిలవం," అన్నాడు.

"నేను బాగానే ఉన్నాను కదండీ!"

"ఉన్నావు. కానీ జనానికి గుర్తున్నది ఆ అమ్మాయి ముఖం."

లూరీన్ గిరుక్కున వెనక్కి తిరిగింది. లోపలికి వెళ్లి చూస్తే డెలియా అద్దం ముందు ఏడుస్తూ ముఖం తుడుచుకుంటోంది. లూరీన్ సంచిలోంచి డబ్బా తీసి మూత తెరిచింది.

"ఖాళీ అన్నావు కదక్కా?"

"అబద్ధం చెప్పాను. ఇటు తిరుగు," అని లూరీన్ ఆ పిల్ల బుగ్గలకి పౌడరు అద్దింది. డెలియా ముఖం కళకళలాడింది. లూరీన్ ఆమె చెయ్యి పట్టుకుని ఫ్లెచర్ దగ్గరికి పరిగెత్తింది. "ఇప్పుడు చూడండి!" అంది.

ఆయన చూశాడు. "బాగుంది. కానీ చూడాల్సినవాళ్లు వెళ్లిపోయారమ్మా," అన్నాడు.

ఆ హోటల్ నుంచి లూరీన్‌కి మళ్లీ పిలుపు రాలేదు. ఆమె పెద్దమ్మ వంటింటి తలుపులు తెరిచింది. శనివారాలు మళ్లీ సందడి మొదలైంది. ఎవరి ఒంటికి తగ్గట్టు వాళ్లకి పౌడరు కలపడం నేర్పింది. అడిగినవాళ్లకల్లా పొట్లాలు కట్టింది. డెలియా పక్కనే కూర్చుని జల్లించేది.

ఏళ్లు గడిచాయి. లూరీన్ తల నెరిసింది. పేటలోని చిన్న ప్రదర్శనల్లో మెరిసిపోతున్న నల్లపిల్లల్ని చూసి, హోటలువాళ్లే మనసు మార్చుకుని వాళ్లని పిలవడం మొదలుపెట్టారు. ఒక ఏడాది ఆ హోటల్లోనే ప్రదర్శన జరుగుతుంటే, ఆమె జనం మధ్యలో కూర్చుంది. దీపాల కింద నల్లపిల్లలు ఒకరి వెనక ఒకరు నడిచి వచ్చారు. ఒక్కరి ముఖమూ బూడిదలా లేదు. అందరూ ఆ వంటింట్లో పౌడరు కలపడం నేర్చుకున్నవాళ్లే.

"చూశావా పెద్దమ్మా, మన రంగు!" అని లూరీన్ కళ్లు తుడుచుకుంది.

నీతి: ఉన్న ఒక్క చోటూ నాకే కావాలని తోటివాళ్లకి చెయ్యి అందించకపోతే ఆ చోటూ దక్కదు, తెలిసింది నలుగురికీ పంచితేనే అందరికీ చోటు దొరుకుతుంది.