గంటకీ గొడుగుకీ మధ్య పెళ్ళి

మొగలికోట రాజు రామప్ప నాయకుడుగారికి ఆకలేస్తే కోపం వస్తుంది. ఒకరోజు గడియగంట కొట్టే మంగతాయి స్నేహితురాలి పెళ్ళికి వెళ్తూ తన బదులు వేరే ఆవిణ్ణి కూర్చోబెట్టింది. ఆవిడ హాయిగా కునుకు తీసింది. గంట మోగలేదు, రాజుగారికి భోజనం రాలేదు.

ఆ ఆకలి మీదే రాజుగారు ఆజ్ఞ వేసేశారు. ఇకమీదట కోటలో ఎవరి పని వాళ్ళే చెయ్యాలి. బదులు మనుషుల్ని పెడితే కుదరదు, సొంత పెళ్ళయినా సరే.

ఆ సొంత పెళ్ళి కాస్తా మంగతాయిదే అయి కూర్చుంది. వరుడు ఓబులేసు, రాజుగారికి గొడుగు పట్టే మనిషి. ఈమె పొద్దుటి నుంచి పొద్దుగూకేదాకా నీళ్ళతొట్టి దగ్గర కూర్చోవాలి. తొట్టిలో అడుగున చిల్లున్న రాగిగిన్నె తేలుతుంటుంది. అది నిండి మునిగితే ఒక గడియ, వెంటనే గంట కొట్టాలి. అతనేమో రాజుగారు ఎండలో ఉన్నంతసేపూ గొడుగు దించకూడదు. ఇద్దరికీ కలిసి తీరికంటూ లేదు.

మూఢం రాబోతోంది. అది వచ్చిందంటే మూడు నెలలు ముహూర్తాలుండవు. మిగిలింది ఒక్క గురువారమే, అదీ పొద్దు పొడిచిన ఆరు గడియలకి, ఆరో గంట కొట్టే వేళకి. సరిగ్గా ఆ వేళకే రాజుగారు ఎండలో పచార్లు చేస్తారు.

పోనీ, వాళ్ళు అడిగింది ఆకాశమంత పందిరేం కాదు. ఇరవై మంది చుట్టాలు, రెండు దండలు, మూడు ముళ్ళు, గిన్నెడు పాయసం. తిని మళ్ళీ పనిలోకి వెళ్ళిపోతారట. ఆ మాట వినగానే వేడుకల అధికారి విరూపాక్షయ్య మండిపడ్డాడు. ఐదు రోజులూ సన్నాయి మోగకుండా, తన ఉత్తరీయం నలుగురికీ కనపడకుండా పెళ్ళేమిటని ఆయన బాధ. నేరుగా రాజుగారి దగ్గరికి వెళ్ళి, ఇద్దరూ ఐదు రోజులు పని ఎగ్గొట్టాలని చూస్తున్నారని చెప్పేశాడు.

రాజుగారు ససేమిరా అన్నారు. పక్కనే తాంబూలం చుడుతున్న సింగారమ్మ, ఒక్కపూట కూడా సెలవు అక్కర్లేకుండా పెళ్ళి జరిపిస్తానంది. ఆమెకి నోరెక్కువని కోటంతా అనుకుంటారు. బుర్ర అంతకన్నా ఎక్కువని నేనంటాను.

"అయితే గురువారం నా పచార్లు గంట దగ్గరే," అన్నారు రాజుగారు హుషారుగా. "గంట తప్పకూడదు. నా నెత్తిన ఎండ పడకూడదు. ఎవరి పని వాళ్ళే చెయ్యాలి. పెళ్ళి జరిగితే అడిగింది ఇస్తాను."

"జరక్కపోతే ఓబులేసుని మూడేళ్ళు సరిహద్దు కోటకి పంపించండి ప్రభూ," అని విరూపాక్షయ్య అందించాడు. రాజుగారు సరేనన్నారు. ఆ మాట విన్న మంగతాయికి రెండు రోజులు అన్నం సయించలేదు.

గురువారం వచ్చింది. గంటనీ తొట్టినీ కప్పుతూ చిన్న తాటాకు పందిరి, ఇరవై మంది చుట్టాలు. మంగతాయి పసుపు చీర కట్టుకుని తొట్టి దగ్గర కూర్చుంది, చూపంతా గిన్నె మీదే. రాజుగారు పందిరి బయట ఎండలో నిలబడ్డారు. ఓబులేసు బాసికం కట్టుకుని, రెండు చేతులా గొడుగు పట్టుకుని వెనకాల నిలబడ్డాడు.

గిన్నె ముప్పావు నిండింది. విరూపాక్షయ్య మీసం సవరించుకున్నాడు. గొడుగు వదలకుండా వీడు ముడి ఎలా వేస్తాడో చూస్తానన్నాడు.

సింగారమ్మ ఆయన దగ్గరికి వెళ్ళి చేతులు కట్టుకుంది.

"అయ్యగారూ, ఈ పిల్లకి అమ్మా నాన్నా లేరు. కన్యాదానం ఎవరు చెయ్యాలో మాకు తెలీట్లేదు. శాస్త్రం తెలిసినవారు, తమరే చెప్పాలి."

ఇరవై మంది ముందు శాస్త్రం అడిగితే ఆయన ఊరుకుంటాడా? గొంతు సవరించుకున్నాడు.

"ఆమాత్రం తెలీదూ? తండ్రి లేని పిల్లకి రాజే తండ్రి."

"మరి పిల్ల తండ్రి ఎక్కడుండాలండీ?"

"ఎక్కడేమిటి, పందిట్లో, పీట మీద! ఎండలో నిలబడి ఎవడైనా కన్యాదానం..."

అంతలో తనన్నదేమిటో తనకే తట్టి, నాలుక కరుచుకున్నాడు.

రాజుగారు మంగతాయి వైపు చూశారు. ఆయనకి ముగ్గురూ కొడుకులే. పిల్ల తండ్రి అని తనని ఎవరూ అనలేదు ఇంతవరకూ. ఆ మాటకి ఆయన మనసు కరిగిపోయింది. పందిట్లోకి వచ్చి పీట మీద కూర్చుని, పిల్ల చెయ్యి తీసుకుని కన్యాదానం చేశారు.

నెత్తిన పందిరి ఉంది, ఇక గొడుగుతో పనేముంది? ఓబులేసు ముడిచి పక్కన పెట్టాడు.

గిన్నె మునిగింది. మంగతాయి లేచి ఆరో గంట కొట్టింది, అదే ముహూర్తం. గిన్నె మళ్ళీ నీళ్ళలో వదిలి, ఓబులేసు ముందు తల వంచింది. మూడు ముళ్ళూ పడ్డాయి, తలంబ్రాలూ అయ్యాయి. ఏడో గంట కొట్టేసరికి పెళ్ళికూతురి చేతికింకా పసుపు బియ్యం అంటుకునే ఉన్నాయి.

విరూపాక్షయ్యకి మాత్రం పాయసం గొంతు దిగలేదు.

"ఎంతైనా ఇది పెళ్ళి కాదు ప్రభూ! ఐదు రోజులు జరిగితేనే పెళ్ళి!"

"అడిగింది ఇస్తానన్నానుగా, ఏం కావాలి?" అని రాజుగారు సింగారమ్మ వైపు తిరిగారు.

"అయ్యగారి మాట కాదనకండి ప్రభూ. మిగిలిన నాలుగు రోజులూ పెళ్ళివారికి ఇప్పించండి. గంటా గొడుగూ ఆయనే చూసుకుంటారు."

రాజుగారు పొట్ట పట్టుకుని నవ్వారు. మెడలోని ముత్యాల హారం తీసి సింగారమ్మకి ఇచ్చి, వెంటనే పచార్లకని ఎండలోకి నడిచారు. విరూపాక్షయ్య గొడుగు ఎత్తుకుని వెనకాల పరిగెత్తాడు, ఒక కన్ను రాగిగిన్నె మీదే పెట్టి.