ఎర్నన్ రాజు జావ

ఫిల్లన్‌కి ఒక రాజు ఎక్కువొచ్చాడు.

ఇది ఏడువందల ఏళ్ళ కిందటి మాట. స్కాట్లండ్ తూర్పు తీరంలో, గోడలు ఏడాదంతా చెమ్మగా ఉండే ఒక మఠంలో ఫిల్లన్ రాతపని చేసేవాడు. అప్పట్లో ఇంగ్లండు రాజు "మీకంటూ ఓ దేశమెక్కడిది, మీరెప్పుడూ మా చేతికింద వాళ్ళేగా" అంటున్నాడు. కాదని క్రైస్తవ మతగురువు పోపుగారికి రుజువు చూపించాలి. అందుకని తొలినాటి నుంచి తెగకుండా వచ్చిన తమ రాజుల వరుసను తోలుపత్రం మీద రాసి పంపమని మఠానికి కబురొచ్చింది. వరుసంతా రాయడం అయ్యింది, పత్రం తీసుకెళ్ళే పడవ మర్నాడే బయల్దేరుతుంది.

వరుసలో ఇరవై మూడోవాడు ఎర్నన్. ముప్పై ఏళ్ళు ఏలాడు. శత్రుసేన వస్తే నది రేవులో ఒంటరిగా నిలబడ్డాడు. ఫిల్లన్ మఠంలోని పాత పుస్తకాలన్నీ తిరగేశాడు. ఎర్నన్ ఒక్కదాంట్లోనే ఉన్నాడు. ఆ ఒక్కటీ రాసింది ఫిల్లన్ గురువు మాలిస్.

ఇంత పెద్ద తప్పు పట్టానన్న సంబరం ఫిల్లన్‌కి ఓ పూట నిలిచింది. ఆ తర్వాత గుండె బరువెక్కింది. చెయ్యి పట్టుకుని అక్షరాలు దిద్దించిన మనిషి ఆయన. చలికాలంలో తన కంబళి తీసి శిష్యుడికి కప్పి, నాకు ఉక్కగా ఉందని అబద్ధమాడే మనిషి. ఆయనతో ఎలా చెప్పాలో పొద్దుటి నుంచీ వల్లె వేసుకున్నాడు. తీరా ఎదురుగా నిలబడితే రెండు ముక్కలే వచ్చాయి.

"గురువుగారూ, ఎర్నన్ రాజుకి సాక్ష్యం లేదు. తమరు రాసింది తప్ప."

మాలిస్ ఈకకలం చెక్కుతున్నాడు. తలెత్తకుండానే అన్నాడు.

"ఇవాళేం రోజు?"

"ఎర్నన్ రాజు వర్ధంతి."

ఆ రోజున మఠం గుమ్మం దగ్గర ఊరందరికీ ఓట్స్ జావ పోస్తారు. నలభై ఏళ్ళుగా వస్తున్న ఆనవాయితీ అది.

"అయితే ముందు వెళ్ళి జావ పొయ్యి. పోస్తూ, అలాంటి రాజు లేడని వాళ్ళకి చెప్పు. నువ్వు చెప్పొస్తే ఆ పేరు నేనే గీకేస్తాను."

ఇంత తేలిగ్గా తేలిపోతుందనుకోలేదు ఫిల్లన్. గరిటె పుచ్చుకుని హుషారుగా వెళ్ళాడు.

వరుసలో మొదట ఎప్పటిలాగే ఊన నిలబడి ఉంది. చేపలు ఎండబెట్టుకుని బతికే ముసలావిడ. నోటికి జడిసి ఆవిడ ముందు ఎవరూ నిలబడరు.

"పోయినేడు ఉప్పు చాల్లేదు నాయనా. రాజుగారి జావ అలాగేనా కాచేది?"

"అవ్వా, ఆ రాజు గురించి ఒక సంగతి..."

"నాకు చెప్తావా ఆయన సంగతి?" ఊన నవ్వింది. "వెనక్కి పారిపోవాలనిపిస్తుందేమోనని బంగారు జోళ్ళు ఒడ్డునే విడిచి నీళ్ళలోకి దిగాడు. ఇంగ్లండు దండు వచ్చిననాడు మా ఆయన డంకన్ ఆ మాటే అన్నాడు. ఎర్నన్ నిలబడ్డ రేవు, మనం పారిపోతే ఎలాగే అని. పన్నెండు మంది వెళ్ళారు. నలుగురొచ్చారు. మా ఆయన రాలేదు."

జోళ్ళ ముచ్చట గురువు పుస్తకంలో కూడా లేదు. ఫిల్లన్ గరిటె ముంచాడు. ఊన గిన్నె నిండా పోసి, మిగతావాళ్ళకీ పోసి, ఖాళీ కుండతో తిరిగొచ్చాడు.

"చెప్పావా?" అన్నాడు మాలిస్.

"లేదు."

"నేనూ ఏటా చెబుదామనే వెళ్ళేవాణ్ణి. ఊన చెప్పే బంగారు జోళ్ళ కథ విని తిరిగొచ్చేవాణ్ణి." ఆయన కలం పక్కన పెట్టాడు. "ఆ ముప్పై ఏళ్ళు ఎవరేలారో ఎంత వెతికినా దొరకలేదు. తెలియదని రాయడానికి సిగ్గేసింది. అప్పుడు నాకు నీ వయసే."

ఆయన లేచాడు. శిష్యుడి భుజం పట్టుకుని గుమ్మం దాకా నడిచాడు. ఊన రాతిమెట్టు మీద కూర్చుని అడుగున మిగిలిన జావ తాగుతోంది. మాలిస్ ఆవిడ పక్కనే చతికిలబడ్డాడు.

"ఊనా, ఎర్నన్ అనే రాజు లేడు. నేను కల్పించాను."

ఊన గిన్నె దించింది. అది గురువుగారి మొహాన కొడుతుందేమోనని ఫిల్లన్ ఒకడుగు ముందుకేశాడు.

"రేవులో నిలబడలేదా అయ్యగారూ?"

"లేదు."

ఊన రేవు వైపు తిరిగింది. కళ్ళు తుడుచుకోలేదు.

"మా డంకన్ నిలబడ్డాడుగా," అంది.

"నిలబడ్డాడు. ఈ గోడ మీంచి నేను కళ్ళారా చూశాను."

ఆవిడ గిన్నె ముసుగుచెంగుతో తుడిచి, చంకలో పెట్టుకుని లేచింది. రెండడుగులు వేసి ఆగింది.

"వచ్చే ఏడూ జావ పొయ్యండి. ఉప్పు చూసుకోండి," అని వెళ్ళిపోయింది.

గదిలోకి రాగానే మాలిస్ సిరా గీకే కత్తి తీశాడు. ఫిల్లన్ ఆయన చేతి మీద చెయ్యి వేసి పట్టుకున్నాడు. ఇద్దరూ కలిసి ఎర్నన్ పేరు గీకేశారు.

"ఇక్కడేం రాయమంటారు? ఖాళీ చూసి ఇంగ్లండు వాళ్ళు నవ్వుతారు."

"నవ్వనీ. తెలియదని రాయి."

ఫిల్లన్ రాశాడు. ఆ తర్వాత ఎవరూ చెప్పకుండానే పత్రం చివరికి వెళ్ళాడు. ఇప్పటి రాజుగారి పేరు కింద కాస్త చోటుంది. డంకన్ అనే చేపలవాడూ, అతని వెంట పదకొండు మందీ రేవులో నిలబడ్డారనీ, ఎనిమిది మంది తిరిగి రాలేదనీ, ఇది చూసినవారు చెప్పిన మాటనీ రాశాడు.

మాలిస్ అతని భుజం మీంచి వంగి, ఒక్కో అక్షరం మీదా వేలు పోనిస్తూ చదివాడు.

"డంకన్‌కి అసలు జోళ్ళే లేవు," అన్నాడు. "అదీ రాయి నాయనా."