మాంత్రికుడి ప్రాణానికి నీళ్ళు పోసిన రాకుమారి

ఏడు సముద్రాలకు ఇవతల కాసారపురం అని ఒక రాజ్యం. ఆ రాజ్యానికి ఒక రాజు ఉండేవాడు. ఆ రాజుకి ఒక కూతురు ఉండేది. ఆ కూతురికి, ఇంతవరకూ ఎవరి ముందూ పైకి అనని మాట ఒకటి ఉండేది.

ఆ మాట ఇదీ: "ఏడు సముద్రాలు దాటడం చాతనయింది గానీ, కుండీలో ఒక్క మొక్కని బతికించడం నాకు చాతకావడం లేదు."

పైకి ఎలా అంటుంది పాపం? ఆమె సాహసం మీద ఊళ్ళో అప్పటికే పాటలు కట్టి పాడుతున్నారాయె!

ఆ రాకుమారి పేరు ఇందులేఖ. ఆమెకి ఇద్దరన్నలు. పెద్దవాడు విక్రమకేతు, రెండోవాడు చంద్రకేతు. ఒకనాడు ఝంఝాటుడనే మాంత్రికుడు కోటకొచ్చి, "మీ రాజ్యం నాకిచ్చేయండి" అన్నాడు. అన్నలిద్దరూ కత్తులు దూశారు. వాడు "ఛూ" అన్నాడు. అంతే, దూసిన కత్తులు దూసినట్టే ఇద్దరూ నడివాకిట్లో రాళ్ళైపోయారు. రాజ్యం సంగతి ఆలోచించుకోమని చెప్పి, వాడు ఏడు సముద్రాల అవతలి తన ఇంటికి పోయాడు. కాకులు వాళ్ళ నెత్తిన వాలడం మొదలుపెట్టాయి. రాణి రోజూ పొద్దున్నే లేచి, రెండు రాళ్ళకీ తలంటి పోసి, తడి ఒత్తి, కళ్ళు తుడుచుకుని లోపలికి పోయేది.

అది చూడలేక ఇందులేఖ బయల్దేరింది. చీమలకి చక్కెర పెడితే చీమలు దారి చెప్పాయి. చేపని గాలం నుంచి తప్పిస్తే చేప వీపు మీద కూర్చోబెట్టుకుని ఏడు సముద్రాలూ దాటించింది. కాకి రెక్కకి కట్టు కడితే కాకి రహస్యం చెప్పింది.

"చెట్టు తొర్రలో చిలక, చిలకలో ప్రాణం అనుకుంటున్నావేమో! అది పాత పద్ధతి తల్లీ. చిలకైతే ఎవడైనా మెడ పిసికేస్తాడని, ఝంఝాటుడు ఈగలు తినే మొక్కలో దాచుకున్నాడు."

ఆ మొక్క నిజంగానే ఉంది. అరచేతిలో పట్టేంత మొక్క. ప్రతి ఆకు కొసనా ఒక నోరు, నోటి అంచున పళ్ళలాంటి వెంట్రుకలు, లోపల తాంబూలం వేసుకున్నట్టు ఎరుపు. ఈగ వాలిందా, టప్పున మూత పడుతుంది. ఇందులేఖ కుండీ ఎత్తుకుని వెనుదిరిగింది. ప్రాణం ఎక్కడుంటే మనిషీ అక్కడే కదా, ఝంఝాటుడు ఆవు వెంట దూడలా ఆమె వెంట పడ్డాడు.

కాసారపురం చేరేసరికి ఉప్పుగాలికి మొక్క నోళ్ళన్నీ వేలాడిపోయాయి. ఝంఝాటుడు వసారాలో నులకమంచం మీద కూలబడ్డాడు.

"విడుపు మంత్రం చదువు" అంది ఇందులేఖ, కత్తెర పట్టుకుని.

"చదవాలంటే నోరు తిరగాలి కదమ్మా! మొక్క నోరు తెరిస్తేనే నా నోరూ తిరుగుతుంది. ఒక్కో అన్నకీ మూడు నోళ్ళ బలం కావాలి. మొక్క చచ్చిందా, నేనూ చచ్చాను, మంత్రమూ చచ్చింది. మీ అన్నల నెత్తిన కాకులు గూళ్ళు కట్టుకుంటాయి."

"సరే, దీన్ని ఎలా పెంచాలో చెప్పు."

"నేనేమైనా తోటమాలినా? ప్రాణం దాచడం వరకే నా పని" అని ఆయనగారు అటు తిరిగి పడుకున్నాడు.

అప్పుడు మొదలైందండీ అసలు కష్టం.

మొదట తోటమాలి వచ్చాడు. "నాకొదిలేయండి అమ్మాయిగారూ, గులాబీలా పెంచుతాను" అని మాగిన పెంట గంపెడు వేసి, బావినీళ్ళు కడవెడు పోశాడు. మూడోనాటికి ఆకులు అంచుల దగ్గర మాడాయి. మంచం మీద ఝంఝాటుడు, "కడుపులో మంట! కడుపులో మంట!" అని పొర్లాడు. ఇందులేఖ నెత్తి కొట్టుకుని, పెంట తీసేసింది.

తర్వాత రాణి వచ్చింది. "దీని మీద మన పిల్లల ప్రాణాలున్నాయి. ఆకలితో పెట్టడానికి మనసెలా ఒప్పుతుందే?" అని దద్ధ్యోదనం చిన్న చిన్న ముద్దలు చేసి, ఒక్కో నోట్లో ఒక్కో ముద్ద పెట్టింది. పైన ఆవకాయ కూడా నంజుపెట్టబోతే ఇందులేఖ చెయ్యి పట్టుకుంది. మర్నాటికి ముద్దలు పెట్టిన నోళ్ళు కుళ్ళి రాలిపోయాయి. ఝంఝాటుడు పుల్లటి తేన్పులు తేన్చాడు.

"అమ్మా! అది ఈగలు తినే మొక్క, పేరంటానికొచ్చిన ముత్తైదువ కాదు!"

"ఇంటికొచ్చిన దానికి ఇంత అన్నం పెడితే తప్పా?" అని రాణి కళ్ళనీళ్ళు పెట్టుకుంది. ఇందులేఖ మళ్ళీ నెత్తి కొట్టుకుంది.

ఆ తర్వాత రాజుగారు. "ఇంత విలువైన దాన్ని ఆరుబయట పెడతారా?" అని ఏడు తాళాల గదిలో, కిటికీ లేని చోట, వెండి పీట మీద పెట్టించాడు. పెట్టించి ఊరుకుంటే బాగుండును. వచ్చిన ప్రతి సామంతరాజునీ లోపలికి తీసుకెళ్ళి, నెమలీకతో మొక్క నోట్లో చక్కిలిగింత పెట్టి, "చూశారా, ఎలా మూసుకుందో!" అని మురిసిపోయేవాడు. నోరు మూసుకోవడం, లోపల ఏమీ లేక తెరుచుకోవడం, మళ్ళీ మూసుకోవడం. ఆ అలసటకే నోళ్ళు నల్లబడ్డాయి. ఎండ లేక ఆకులు పాలిపోయాయి. ఝంఝాటుడు దవడలు పట్టుకుని, "అమ్మాయీ, ఊరికే నమిలి నమిలి చచ్చిపోతున్నాను. మీ నాన్నని ఆపు" అని బతిమాలాడు.

రాకుమారి మూడోసారి నెత్తి కొట్టుకుంది. ఈసారి చెయ్యి నొప్పెట్టింది.

"చీమల్నీ చేపనీ కాకినీ ఒప్పించగలిగాను, మీ ముగ్గుర్నీ ఒప్పించలేకపోతున్నాను!" అని కుండీ చంకనెత్తుకుని మేడ మీదికి పోయింది. అప్పుడే వాన మొదలైంది. చూరు కింద పెట్టిన గంగాళంలోంచి ఒక కప్ప తల పైకెత్తింది.

"ఏమే పిల్లా, దాన్ని చంపడానికి అంత కష్టపడాలా? విసిరేస్తే పోలా?"

"నువ్వూ సలహా చెబితే నిన్నూ విసిరేస్తాను."

"చెప్పను. ఊరికే మాట్లాడుకుంటాను, వింటే విను" అంది కప్ప. "ఇలాంటివి మా బురదలో పెరుగుతాయి. ఆ బురదలో సారం ఉండదు. సారం ఉంటే ఈగల్ని పట్టుకునే ఖర్మ దానికెందుకు? ఇసకా నాచూ చాలు, పెంట విషం. బావినీళ్ళలో ఉప్పుంటుంది, వాననీళ్ళే పట్టు. పైన పొయ్యకు. పళ్ళెంలో నీళ్ళు పోసి కుండీ అందులో పెట్టు, కావలసినంత అదే తాగుతుంది. ఎండ బాగా తగలాలి. తిండంటావా, నోటిలో మూడో వంతుకి మించని పురుగు, అదీ ఎప్పుడో ఒకటి. లోపల గిలగిల్లాడితేనే అరిగించుకుంటుంది. చచ్చిన ఈగని పెడితే ఉమ్మేస్తుంది. దాని నోట్లో ఎవర్నీ వేలు మాత్రం పెట్టనివ్వకు."

"మరి నీకేం కావాలి?"

"పెద్ద ఈగ నాది, చిన్న ఈగ దానిది."

ఒప్పందం కుదిరింది. ఇందులేఖ పెంట వాసన పోయేదాకా మొక్క వేళ్ళు కడిగి, కొత్త ఇసకలో నాటింది. మేడ మీద ఎండలో పెట్టి, మెట్ల మీద తానే కాపలా కూర్చుంది. తోటమాలి గంపతో వస్తే వెనక్కి పంపింది. రాణి గిన్నెతో వస్తే గిన్నె తనే ఖాళీ చేసింది. రాజుగారు నెమలీకతో వస్తే నెమలీక లాక్కుంది.

వానాకాలమంతా అదే పని. ఒకసారి నడుమ నుంచి పొడుగ్గా పూకాడ లేచింది. నీరసంగా ఉన్నప్పుడు పువ్వు పూస్తే ఉన్న బలమంతా దానికే పోతుందని కప్ప చెబితే, ఇందులేఖ కత్తెరతో కాడ కత్తిరించింది. "మొగ్గని తుంచే చేతులా అవి!" అని అంతఃపురం అంతఃపురమే గోల పెట్టింది. ఆమె చెవుల్లో దూది పెట్టుకుంది.

కొత్త ఆకు వచ్చింది. ఒక నోరు తెరుచుకుంది. తర్వాత రెండోది. మూడోది తెరుచుకున్న పొద్దున, ఝంఝాటుడు మంచం మీద లేచి కూర్చుని, గొంతు సవరించుకుని మంత్రం చదివాడు. చదవక చస్తాడా, ఎదురుగా కత్తెర! వాకిట్లో విక్రమకేతు రాయి చిట్లింది. రాణి పరుగెత్తి కొడుకుని పొదువుకుంది. కోటంతా ఏడ్చింది, నవ్వింది.

విక్రమకేతు ఒళ్ళు విరుచుకుని, మేడ మీదికొచ్చి, "నన్ను బతికించింది ఇదేనా చెల్లాయీ?" అని మూడు నోళ్ళలోనూ వేలు పెట్టి చూశాడు.

"అన్నయ్యా!" అని ఆమె అరిచిన అరుపుకి కోట మీద పావురాలన్నీ ఒక్కసారి లేచిపోయాయి. "నువ్వు రాయిగా ఉన్నప్పుడే బుద్ధిగా ఉన్నావు!"

ఇక చంద్రకేతు మిగిలాడు. ఇంకో మూడు నోళ్ళు కావాలి. ఇంతలో చలికాలం వచ్చిపడింది. మంచు కురిసింది. కప్ప, "ఇక నన్ను లేపకు" అని గంగాళం పక్క మట్టిలోకి దిగబడి నిద్రపోయింది. వారం తిరిగేసరికి మొక్క నోళ్ళు ఒక్కొక్కటే నల్లబడ్డాయి. ఆకులు చచ్చుబడి నేలకి అంటుకున్నాయి. మంచం మీద ఝంఝాటుడు చల్లబడిపోయి, పిలిస్తే పలకడం మానేశాడు.

కోటంతా మేడెక్కింది. "కుంపటి పెట్టి వెచ్చబెట్టాలి" అన్నాడు తోటమాలి. "మిరియాల చారు పోయాలి" అంది రాణి. "శాంతి చేయించాలి" అన్నాడు రాజు. "నేనైతే ఏమీ ముట్టుకోలేదు" అన్నాడు విక్రమకేతు. అందరూ ఆమె వంక చూశారు. వాకిట్లో చంద్రకేతు, మంచు పట్టిన కత్తి ఎత్తుకుని, అలాగే నిలబడి ఉన్నాడు.

"అందరూ కిందికి పొండి" అంది ఇందులేఖ. తనూ దిగి వసారాలోకి వెళ్ళి, మాంత్రికుడి భుజాలు పట్టుకుని కుదిపింది. "చస్తున్నావా, నిద్రపోతున్నావా? ఒక్క ముక్క చెప్పి పడుకో!"

ఝంఝాటుడు ఒక కన్ను సగం తెరిచాడు. "ప్రతి చలికాలం ఇంతే... నిద్ర ముంచుకొస్తుంది. ఏం చేస్తే మళ్ళీ లేస్తానో మా అమ్మకే తెలుసు."

"నీకు అమ్మ ఉందా!"

"లేకపోతే ఆకాశం నుంచి ఊడిపడ్డానా? మొక్కని పెంచింది ఆవిడే. నేనెప్పుడూ చెంబెడు నీళ్ళు పోసిన పాపాన పోలేదు."

"మరి ఇన్నాళ్ళూ చెప్పవేం?"

"మాకు మాటల్లేవు. రాజ్యాలు కాజేయడానికి పోతున్నానని తిట్టింది. నేనూ తిట్టాను." మెడలోని చిన్న శంఖం తీసి ఆమె చేతిలో పెట్టాడు. "ఇది ఊది మాట్లాడితే అక్కడ వినిపిస్తుంది. నేను పిలిచానని మాత్రం చెప్పకు" అని మళ్ళీ నిద్రలోకి జారిపోయాడు.

ఆ తర్వాత ఏమైందంటారా? చలి తగ్గాక చంద్రకేతు రాయీ చిట్లింది. అన్నలిద్దరికీ పెళ్ళిళ్ళయ్యాయి. స్వయంవరానికి వచ్చినవాళ్ళలో ఒక్కడే మొక్క నోట్లో వేలు పెట్టలేదు. ఇందులేఖ ఆ ఒక్కణ్ణీ పెళ్ళాడి, ముసలిదయ్యేదాకా రాజ్యమేలింది. అవన్నీ నిజమే గానీ, ఆ సాయంత్రం ఆమెకి అవేమీ తెలియవు.

ఆ సాయంత్రం ఆమెకి గుర్తొచ్చింది ఏడో సముద్రం అవతలి ఒక పెరడు. కుండీ ఎత్తుకునేటప్పుడు లోపల ఎవరో బియ్యం చెరుగుతున్న చప్పుడు. ఎవరా అని కూడా చూడకుండా, మునివేళ్ళ మీద వచ్చేసింది. ఇప్పుడు ఆవిడతో ఏమని మొదలుపెట్టాలి? "మీ మొక్కని దొంగిలించింది నేనే, కాస్త ఎలా పెంచాలో చెబుతారా" అనా? తిడుతుంది. తిట్టాలి కూడా. తిట్టినంతసేపూ వినాలి.

వాకిట్లో రాణి చంద్రకేతు రాయి మీద మంచుని కొంగుతో తుడుస్తోంది. తుడిచినచోట మళ్ళీ పడుతోంది.

"తిట్టనీ" అంది ఇందులేఖ. శంఖం మీది దుమ్ము ఊది, అంచు తుడిచి, పెదాలకి ఆనించుకుంది.