జీడిపిక్కలు, అరవై జతల చేతులు

పలాసలోని ఒక జీడిపప్పు కార్ఖానాలో పిక్కలు కొట్టే దాలమ్మకు, తనంత పనిమంతురాలు లేదన్న గీర ఉండేది.

పిక్క పగిలితే కారే జీడి రసం చర్మాన్ని కాల్చేస్తుంది. అక్కడి ఆడవాళ్లు చేతులకు ఆముదం, బూడిద పూసుకుని కూర్చునేవారు. అయినా వేళ్లు పొక్కేవి. చేతి తొడుగులు అడుగుదామని వాళ్లలో ఒకరైన తవిటమ్మ అందరినీ సంఘంగా కూడగట్టింది. మొదటి పేరు ఎవరిదైతే మేనేజరు వాళ్లనే గెంటేస్తాడు. అందుకని కాగితం మీద దాలమ్మ తప్ప అందరూ గుండ్రంగా వేలిముద్రలు వేశారు.

"పని రానోల్లకే సంగాలు. నాకెందుకు?" అని దాలమ్మ మూతి తిప్పుకుంది.

మేనేజరు ఆ కాగితాన్ని ఎటు తిప్పినా మొదలు దొరకలేదు. దాలమ్మను పిలిచి, "దీనికి మూలం ఎవరో చెప్పు. నిన్ను మేస్త్రీని చేస్తాను" అన్నాడు. దాలమ్మ తవిటమ్మ పేరు చెప్పేసింది.

తవిటమ్మను ఆ క్షణమే పనిలోంచి తీసేశారు. ఆమె వెనకే వేలిముద్ర వేసిన మిగతా యాభై తొమ్మిది మందీ లేచి గేటు బయట కూర్చున్నారు. లోపల దాలమ్మ ఒక్కతే మిగిలింది. ఉడికించిన పిక్కలు గుట్టగా ఉన్నాయి.

"అన్నీ నువ్వే కొట్టు. అందరికంటే పనిమంతురాలివిగా!" అన్నాడు మేనేజరు.

మధ్యాహ్నానికి దాలమ్మ వేళ్లు పొక్కిపోయాయి. "బాబూ, తొడుగులైనా ఇప్పించండి" అంది.

"నీ ఒక్కదానికా? ఇష్టం లేకపోతే గేటు అదిగో!"

దాలమ్మకు ఒళ్లు మండింది. విసవిసా బయటికి నడిచి, తవిటమ్మ ముందు నిలబడి, "నీ పేరు సెప్పింది నానే" అంది.

"తెలుసు. తీరిగ్గా తిడతానులే. ముందు కూకో" అంది తవిటమ్మ, పక్కకు జరుగుతూ.

మేనేజరు పరుగున వచ్చాడు. "దాలమ్మా, లోపలికి రా! ఇప్పుడే మేస్త్రీని చేస్తాను!"

"తవిటమ్మ ముందు నడిస్తేనే నానొస్తాను. అందరి సేతులకీ తొడుగులుండాల. లేకపోతే ఆ పిక్కలు నువ్వే కొట్టుకో బాబూ!" అంది దాలమ్మ. ఆడవాళ్లంతా గొల్లున నవ్వారు.

నాలుగో రోజున మేనేజరు దిగివచ్చాడు. తొడుగులు వచ్చాయి. తవిటమ్మే ముందుగా గేటు దాటింది.

ఎంత పనిమంతులైనా ఒంటరిగా అడిగితే అది బతిమాలడమే. కలిసి అడిగితేనే హక్కు.