కాటుక కట్టిన ఇనుప గూడు

అనగనగా ఒక అడవి. చెట్ల అడవి కాదు, స్తంభాల అడవి. పెద్ద ఊరి నడిబొడ్డున, రోడ్డు మధ్యలో వరసగా లేచిన లావుపాటి సిమెంటు స్తంభాలు. వాటి నెత్తిన ఒక మెట్రో స్టేషను. కింద బస్సులు, ఆటోలు, హారన్లు, తిట్లు. మధ్య అంతస్తులో టికెట్ల గేట్లు, బ్యాగులు తెరిచి చూసేవాళ్ళు. అన్నిటికన్నా పైన ప్లాట్‌ఫారం. రైలొస్తుంది, తలుపులు తెరుచుకుంటాయి. దిగేవాళ్ళు దిగుతారు, ఎక్కేవాళ్ళు ఎక్కుతారు. తలుపులు మూసుకుంటాయి. పొద్దస్తమానం ఇదే పని.

మనుషులకి అది ఎక్కి దిగే చోటు. కాకులకి మాత్రం అదే ఊరు.

ఆ ఊళ్ళో కాటుక అని ఒక ఆడకాకి ఉండేది. దాని మొగుడి పేరు బొగ్గు. బొగ్గుకి తిండి దొరికితే చాలు, దిగులుండదు. కాటుక అలా కాదు. దానికి మనసులో ఒక ముల్లుంది.

కిందటి ఏడాది కాటుక రోడ్డు పక్క చెట్టు మీద పుల్లలతో గూడు పెట్టింది. గుడ్లు కూడా పెట్టింది. ఒక సాయంత్రం ఈదురుగాలి వచ్చింది. గూడు పుల్లా పుల్లా ఊడిపోయింది. గుడ్లు రోడ్డు మీద పడ్డాయి. ఆ తర్వాత ఏమైందో కాటుక చూడలేదు. కళ్ళు మూసుకుంది.

మళ్ళీ గుడ్లు పెట్టే కాలం వచ్చింది.

"ఈసారి నా గూడు ఊడదు," అంది కాటుక.

"పుల్లలు ఇంకాస్త గట్టిగా గుచ్చుదాంలే," అన్నాడు బొగ్గు.

"పుల్లలతో కాదు."

"మరి దేంతో? ఇటుకలతోనా?"

కాటుక ముక్కుతో రోడ్డు అవతలికి చూపించింది. స్టేషనుకి ఎదురుగా ఒక పెద్ద భవనం లేస్తోంది. అక్కడ ఇనుప కమ్మీలు కట్టే పనివాళ్ళుంటారు. రెండు కమ్మీలు కలిసే చోట సన్నటి తీగ చుడతారు. చేతిలో కొక్కెం పెట్టి గిర్రున తిప్పుతారు. అంతే, ముడి బిగుసుకుపోతుంది. ఏనుగు లాగినా రాదు. కాటుక పిట్టగోడ మీద కూర్చుని అదే చూసేది. వాళ్ళు అన్నానికి వెళ్ళగానే కింద పడ్డ తీగముక్కలు ఏరుకొచ్చేది.

ఎవరూ నేర్పలేదు. చూసి చూసి తనే నేర్చుకుంది. తన ముక్కునే కొక్కెం చేసుకుంది. మొదట్లో తీగ ఎగిరొచ్చి మొహం మీద కొట్టేది.

"ఇలాగే లాగు," అని నవ్వాడు బొగ్గు. "ముక్కు వంకరపోతే రేపు జనం నిన్ను చిలకనుకుని పంజరంలో పెడతారు!"

"పెట్టనీ. పంజరం తీగలు కూడా విప్పుకుని వస్తా," అంది కాటుక.

చోటు కూడా తనే ఎంచింది. ప్లాట్‌ఫారం దాటాక, రైలుకి కరెంటిచ్చే తీగని మోసే ఇనుప స్తంభాలుంటాయి. ఒక్కో స్తంభానికీ పట్టాల వైపు చాచిన చెయ్యిలాంటి ఒక కడ్డీ ఉంటుంది. చెయ్యి స్తంభాన్ని కలిసే మూల ఉందే, అక్కడ పెట్టింది గూడు. పిల్లి ఎక్కలేదు. మనిషి రాడు. రైలు పక్కనించే దూసుకుపోయినా గూడు ఇంత కూడా కదల్లేదు.

ఇంక చూడండి, ఊరంతా వచ్చి చూసింది.

ముందు పావురం పిన్ని వచ్చింది. "మా పావురాలదీ ఒక గూడేనా అమ్మా! నాలుగు పుల్లలు అడ్డం పడేసి గుడ్డు పెట్టేస్తాం. ఇది గూడు కాదే తల్లీ, కోట!" అంది.

తర్వాత గోరింక మామ వచ్చాడు. కాలెత్తి గూటిని ఒక్క తన్ను తన్నాడు. "అబ్బా!" అని కాలు పట్టుకున్నాడు. "గూడు బాగానే ఉంది. నా కాలే బాగాలేదు," అన్నాడు.

చివరికి మసి వచ్చింది. మసి కాటుకకి చిన్నాన్న కూతురు. ఈ ఏడే మొదటిసారి గుడ్లు పెట్టబోతోంది. అది గూడు చుట్టూ తిరిగింది. లోపల కూర్చుంది. బయటికొచ్చింది. "అక్కా, నాకు కూడా నేర్పవా?" అని అడిగింది.

అక్కా అని అంత ముద్దుగా అడిగితే కాదంటారా ఎవరైనా? కాటుక నేర్పింది. మసి పక్క స్తంభం మీద గూడు మొదలుపెట్టింది. దాన్ని చూసి ఇంకో జంట, వాళ్ళని చూసి మరో జంట. స్తంభాల మీద ఇనుప గూళ్ళు లేచాయి. ఆ రోజుల్లో ప్లాట్‌ఫారం మీద కాటుక నడక చూడాలి! మెడ నిక్కించి, రెక్కలు కాస్త విప్పి, రైలు తనకోసమే ఆగుతున్నట్టు నడిచేది.

ఒక తెల్లవారుజామున ముసురు పట్టింది. సన్నటి జల్లు. కాటుక గూటి అంచున కూర్చుని ఉంది. ఉన్నట్టుండి కాళ్ళ కింద ఒక చప్పుడు. తేనెటీగ ఇరుక్కున్నట్టు, "జుయ్‌ఁ" అని.

వంగి చూసింది. గూటి అడుగునించి ఒక తీగ కొస వేలాడుతోంది. దాని చివర నీలం రంగు వెలుగు, ఆవగింజంత. వెలిగింది, ఆరింది. మళ్ళీ వెలిగింది. కాటుక మెడ మీద ఈకలు నిక్కబొడుచుకున్నాయి.

"ఓస్, ఇంతేనా?" అంది పైకి. ఆ కొసని ముక్కుతో లోపలికి వంచింది. చప్పుడు ఆగింది. రైలు వెళ్ళింది, ఆ గాలికి ఇంకో కొస బయటికొచ్చింది. జుయ్‌ఁ.

రెండోసారి ఆ కొస మీద ఒక పుల్ల అడ్డం పెట్టింది. పుల్ల జారి పట్టాల మీద పడింది. జుయ్‌ఁ.

మూడోసారి ఎక్కడినించో ఒక గుడ్డపీలిక తెచ్చి కప్పింది. గుడ్డ తడిసింది. ఈసారి చప్పుడు రెట్టింపైంది.

ప్లాట్‌ఫారం మీద లైటు వెనక ఒక బల్లి తాత ఉండేవాడు. కాటుక ఎగిరి వెళ్ళింది.

"తాతా, ఆ ఇనుప చేతికీ స్తంభానికీ మధ్య చిప్పలు పేర్చినట్టు ఉంటుంది చూడు. ఎందుకది?"

"చెయ్యి వైపు రైలుని లాగే కరెంటు ఉంది. స్తంభం వైపు లేదు. రెండూ ఒకదాన్నొకటి ముట్టుకోకూడదని మధ్యలో అవి పెట్టారు."

"ముట్టుకుంటే?"

"పిడుగు పడుతుంది. ఆకాశంలోంచి కాదు, అంతే తేడా."

"నా తీగలు ఆ చిప్పల మీదుగా వేలాడుతున్నాయి తాతా. ఏమన్నా అవుతుందంటావా?"

"నన్నెందుకు అడుగుతావ్? నీ మెడ మీది ఈకల్ని అడుగు," అన్నాడు తాత. ఒక దోమ కనిపిస్తే అటు పాకిపోయాడు.

కాటుక మొగుడికి చెప్పింది. బొగ్గు అటూ ఇటూ చూసి గొంతు తగ్గించాడు.

"ఎవరికీ చెప్పకు. ఈ ముసురు పోతే చప్పుడూ పోతుంది. ఇప్పుడు విప్పుతానంటే మళ్ళీ పుల్లల గూడేగా? నీకు గుడ్లు పెట్టే టైము వచ్చేసింది. పైగా ఊరంతా నవ్వుతుంది."

చివరి మాటే కాటుకకి గట్టిగా తగిలింది. నోరు మూసుకుంది. ముసురు పోయింది. ఎండ కాసింది. చప్పుడు కూడా ఆగిపోయింది.

"చూశావా?" అన్నాడు బొగ్గు, ఎవరో పారేసిన పఫ్ ముక్కని పొడుచుకుంటూ.

కానీ కాటుకకి ముద్ద దిగలేదు. పక్క స్తంభం మీద మసి కనిపించింది. ఎక్కడినించి తెచ్చిందో దూది, గూట్లో మెత్తగా పరుస్తోంది.

"అక్కా!" అని పిలిచింది మసి. "గాలొస్తే నా పిల్లలు పడిపోతాయేమోనని పోయినేడు నీ గూడు ఊడిపోయినప్పటినించీ భయపడేదాన్ని. ఇప్పుడు హాయిగా నిద్రపోతున్నా. అంతా నీ చలవే."

ఆ మాట కాటుకకి తిట్టులా వినిపించింది. ఇంక ఆగలేదు. సాయంత్రం కాకులన్నీ స్టేషను కప్పు మీద చేరతాయి కదా, అక్కడికి వెళ్ళి మధ్యలో నిలబడింది.

"వినండి. నేను నేర్పింది తప్పు. తీగతో గూడు ఆ స్తంభాల మీద పెట్టకూడదు. తడిస్తే పిడుగు పడుతుంది. నా కళ్ళతో నిప్పు చూశాను. అందరం విప్పేద్దాం."

ఒక్కసారిగా కావుకావుమని గోల.

"నిన్నటిదాకా మహారాణిలా నడిచావుగా, ఇవాళేమొచ్చింది?" అంది ఒక ముసలికాకి.

"మా ముక్కులు అరిగాక చెప్తున్నావా?" అంది ఇంకోటి.

అన్నిటికన్నా మసి గొంతే గట్టిగా వినిపించింది. "నాకు తెలుసులే! నా గూడు నీదానికన్నా బాగా కుదిరింది. అది చూడలేకపోతున్నావు. నేను విప్పను. ఏం చేస్తావో చేసుకో!"

కాటుక గొడవపడలేదు. ఎగిరి తన గూటి మీద వాలింది. మొదటి ముడి పట్టుకుంది. బిగించేటప్పుడు ఎటు తిప్పిందో దానికి ఎదురు తిప్పింది. ముడి వదులైంది.

విప్పడం కట్టడం కన్నా కష్టం. కొసలు ముక్కుకి గుచ్చుకుంటాయి. ఊడిన తీగని పట్టాల మీద పడనివ్వకూడదు. చిప్పలకి తగలనివ్వకూడదు. ఒక్కో తీగనీ పట్టుకుని, ఎదురు భవనం మేడ మీద పడేసి, మళ్ళీ రావాలి. కాటుక వెళ్ళింది, వచ్చింది. వెళ్ళింది, వచ్చింది. ఏ తీగ ఎక్కడ ఎలా బిగించిందో తనకే బాగా తెలుసు. ఒక్క ముడి దగ్గర కూడా తడబడలేదు.

బొగ్గు కాసేపు చూశాడు. "ఖర్మ!" అన్నాడు. వచ్చి రెండో కొస పట్టుకున్నాడు.

అది చూసి మిగతా రెండు జంటలూ లేచాయి. "కాటుకా, ఈ ముడి ఎటు తిప్పాలే?" అని అడిగాయి. కాటుక చూపించింది. చీకటి పడేలోపు మూడు స్తంభాలూ ఖాళీ అయ్యాయి. మసి మాత్రం తన గూట్లో వీపు తిప్పుకుని కూర్చుంది.

మరి గుడ్లెక్కడ పెట్టాలి? తెల్లారగానే కాటుక స్టేషను మెట్ల దగ్గరికి దిగింది. అక్కడ పూలమ్మే ఆడవాళ్ళు అరటినారతో మల్లెలు కడుతున్నారు. తెగిన నారముక్కలు గుట్టగా పడున్నాయి. కాటుక ఒక ముక్క లాగి చూసింది. తెగలేదు. ఇనుము కాదు, కరెంటు తీగ దగ్గరికి తీసుకెళ్ళే పని కూడా లేదు. స్టేషను పేరు రాసిన పెద్ద బోర్డు వెనక, గోడకీ దానికీ మధ్య, గాలి కొట్టని సందు ఒకటుంది. కాటుక అక్కడ పుల్లలు పేర్చింది. పుల్లా పుల్లా కలిసిన ప్రతిచోటా నార చుట్టి, ఎప్పటిలాగే గిర్రున తిప్పి ముడేసింది. ఆ పక్కనే మిగతా జంటలు కూడా పెట్టుకున్నాయి. గూడు పూర్తయ్యీ కాకముందే కాటుక మొదటి గుడ్డు పెట్టింది.

ఆ సాయంత్రమే పెద్ద వాన. గాలి, ఉరుములు. బోర్డు దడదడలాడింది. కాటుక గుడ్డు మీద ఒదిగి కూర్చుంది. గూడు ఊగింది. ఒక్క పుల్ల కూడా ఊడలేదు.

అప్పుడు ఫెళ్ళున ఒక తెల్లటి వెలుగు. చెవులు చిల్లులుపడే చప్పుడు.

వస్తున్న రైలు స్టేషనుకి అవతలే ఆగిపోయింది. ప్లాట్‌ఫారం మీద జనం కేకలు పెట్టారు. మసి గూడున్న స్తంభం మీద పొగ. మసి గింగిరాలు తిరుగుతూ వచ్చి ప్లాట్‌ఫారం మీద పడింది. తోక సగం కాలిపోయింది. ఇంకా గుడ్లు పెట్టలేదు, అదొక్కటే అదృష్టం.

వాన తగ్గాక పనివాళ్ళు వచ్చారు. పొడుగాటి కర్రతో నల్లగా మాడిన గూటిని లాగి సంచీలో వేసుకున్నారు. మిగతా స్తంభాలన్నీ ఒక్కొక్కటే చూశారు. ఏమీ లేవు. వెళ్ళిపోయారు. రైలు కదిలింది.

కాటుక బొగ్గుని గుడ్డు మీద కూర్చోబెట్టి మసి దగ్గరికి వెళ్ళింది. మసి తలెత్తలేదు.

"ఆ నిప్పు నీకెప్పుడు కనిపించిందక్కా?"

"ముసురు పట్టిన రోజు."

"చెప్పింది ఎండ కాశాక కదా?"

"అవును."

"నేను దూది పరిచింది ఆ మధ్యలోనే. ఆ గూటి మీద ప్రాణం పెట్టేసుకున్నాను. ముందే చెప్పుంటే విప్పేదాన్నేమో!"

సభలో మసి అన్న మాటలన్నీ కాటుకకి నాలుక చివరిదాకా వచ్చాయి. మింగేసింది.

"అవును. నవ్వుతారని దాచాను. అది నా తప్పే, నీది కాదు," అంది. తర్వాత మసి రెక్కని ముక్కుతో పొడిచింది. "లే. తోక మళ్ళీ మొలుస్తుంది. గుడ్డు మాత్రం ఆగదు. నార నేను తెస్తా, పుల్లలు నువ్వు ఏరు."

"తోక లేకుండా ఎలా ఎగరనే?"

"వంకరగా ఎగురు. ఎవరు చూస్తారు?"

"అందరూ చూస్తారు!"

"చూడనీ," అంది కాటుక.

మసి వంకరటింకరగానే ఎగిరింది. అందరూ చూశారు, నవ్వారు కూడా. కానీ మర్నాడు చీకటి పడేలోపు బోర్డు వెనక ఇంకో గూడు లేచింది. ఆ ఏడు ఆ సందులో పుట్టిన పిల్లల గోలకి, రైలొచ్చిన చప్పుడు కూడా వినిపించేది కాదంటే నమ్మండి.

తర్వాత్తర్వాత వేరే స్టేషన్ల నుంచి కుర్రకాకులు కాటుకని వెతుక్కుంటూ వచ్చేవి. "అత్తా, నీ ముడి మాకు నేర్పు," అని అడిగేవి. కాటుక తను వేసిన ముడి ఒకటి వాళ్ళ ముందు పడేసేది.

"ముందు దీన్ని విప్పండి."

"మేం కట్టడం నేర్చుకుందామని వచ్చాం అత్తా!"

"తెలుసు. విప్పడం వచ్చినవాళ్ళకే కట్టడం నేర్పుతాను," అనేది కాటుక.

నీతి: మన పనిలో తప్పు కనిపించిన వెంటనే నలుగురికీ చెప్పి మన చేత్తోనే సరిదిద్దుకోవాలి, నవ్వుతారని దాచిన తప్పు మనల్ని నమ్మినవాళ్ళని కాలుస్తుంది.