గులకరాళ్ళలో కలిసిపోయిన గుడ్లు

అనగనగా, వినండర్రా, ఒక అడవిలో ముగ్గురు స్నేహితులు ఉండేవాళ్ళు. కొండముచ్చు కొమ్మన్న, ఎలుగుబంటి బొర్రయ్య, ముంగిస చిట్టెమ్మ. వేసవిలో మిట్టమధ్యాహ్నం జంతువులన్నీ వాగుకు నీళ్ళకి వచ్చేవి. అక్కడే వీళ్ళ ఆట.

ఒకరోజు బొర్రయ్య తేనెతొర్రలో చిట్టెమ్మ బురద నింపింది. బొర్రయ్య చెయ్యి పెట్టి నాకాడు. "థూ! ఏ ఈగ పెట్టిందే ఈ తేనె?" అని తనే ముందు పడీపడీ నవ్వాడు. మర్నాడు కొమ్మన్న కూర్చునే కొమ్మకి మిగతా ఇద్దరూ తుమ్మజిగురు పూశారు. తోక అతుక్కుని వేలాడుతూ, "ఒరే, గబ్బిలాన్నయిపోయాను!" అని వాడే అరిచాడు. ఎంత ఏడిపించుకున్నా ముగ్గురూ ఒకే పండు పంచుకు తినేవాళ్ళు. ఆ చనువు చూడ్డానికే అడవంతా వచ్చేది. కరువు రోజుల్లో కడుపారా నవ్వించేవాళ్ళు దొరకడం చిన్న విషయమా?

మూడోరోజు కొమ్మన్న అన్నాడు: "మనల్ని మనమే ఎన్నాళ్ళు ఏడిపించుకుంటాం? ఇవాళ తీతువుని ఏడిపిద్దాం."

"ఆవిడ మన జట్టు కాదు కదన్నా," అంది చిట్టెమ్మ.

"నవ్వుతుందిలేవే!"

తీతువు పిట్ట ఒడ్డున ఇసుకలో నాలుగు గుడ్లు పెట్టుకుంది. ఎండకి అవి మాడిపోకుండా పొట్ట ఈకలు వాగులో తడుపుకొచ్చి వాటిమీద కూర్చునేది. ఆమె అలా వెళ్ళగానే కొమ్మన్న గుడ్లు తీసి గులకరాళ్ళ మధ్య తలోచోట పెట్టాడు. గూట్లో నాలుగు రాళ్ళు పెట్టాడు. తీతువు వచ్చి రాళ్ళమీద కూర్చుంది. అందరూ గొల్లున నవ్వారు.

తీతువు కిందికి చూసుకుంది. "కొమ్మన్నా, నా గుడ్లేవి?"

"ఇదిగో వదినా..." కొమ్మన్న వంగి తీశాడు. రాయి. ఇంకోటి తీశాడు. అదీ రాయే. తీతువు గుడ్డు రాయిలాగే ఉంటుంది మరి, దొంగల కంట పడకుండా. దాచినవాడి కంటా పడలేదు. వాడి మొహం వెలవెలబోయింది.

వెతుకుదామని అడవిదున్న కాలెత్తింది.

"కదలొద్దు!" తీతువు అరిచింది. "తొక్కేస్తారు! నోళ్ళు ముయ్యండి. రేపోమాపో పిల్లలయ్యే గుడ్లవి. లోపల్నించి పిలుస్తాయి. మీ నవ్వులో వినబడి చావట్లేదు!"

అడవంతా ఊపిరి బిగబట్టింది. ఇసుక నిప్పులా కాలుతోంది.

"కిచ్."

కొమ్మన్న తోక పక్కనుంచి. తరవాత తాబేలు ముందు ఒకటి. రేగుపొద దగ్గర ఒకటి. నాలుగోది ఎంతకీ పలకలేదు. బొర్రయ్య కళ్ళనీళ్ళు పెట్టుకున్నాడు. అప్పుడు అడవిదున్న ఎత్తిన గిట్ట కిందనుంచి, "కిచ్!"

చిట్టెమ్మ ఒక్కొక్కటే నోట కరుచుకుని గూటికి చేర్చింది. ముంగిస నోట్లోంచి గుడ్డు క్షేమంగా రావడం నేను విన్నది అదొక్కసారే! తీతువు నాలుగింటినీ కప్పుకుంది. అడవంతా ఒక్కసారి ఊపిరి వదిలితే వాగులో నీళ్ళు కదిలాయి.

"తప్పయిపోయింది వదినా," అన్నాడు కొమ్మన్న.

"నిలబడి ఏడుస్తావేం? నా పొట్ట ఆరిపోయింది, నీళ్ళు తేరా!"

కొమ్మన్న దోసిళ్ళతో నీళ్ళు మోశాడు. బొర్రయ్య పొద్దువాలేదాకా ఎండకి అడ్డంగా నిలబడ్డాడు. అప్పటికి తీతువు కోపం కాస్త చల్లారింది. "నాకూ నవ్వడం వచ్చురా. ముందు నన్నడగాలి, అంతే," అంది.

నీతి: మనతో ఆటకు దిగనివాళ్ళని ఆటపట్టించకూడదు.