శాలువాలకు దిగని ముళ్లు

అనగనగా ఒక అడవి, దాని పక్కన ఇంకో అడవి, మధ్యలో ఒక ఈతచెట్టు. ఆ పళ్లు మావంటే మావని రెండు అడవులూ మూడేళ్లు యుద్ధం చేశాయి. రెండో ఏడే చెట్టు ఎండిపోయింది. అయినా ఎవరూ ఆపలేదు. పెద్దవాళ్లంటే అంతే పిల్లలూ!

చివరికి యుద్ధం ఆగింది. గవరయ్య అనే ముళ్లపంది ఇంటికొచ్చాడు. కలిసి వెళ్లిన ఏడుగురిలో తిరిగొచ్చింది అతనొక్కడే. కూతురు బంగారి ఎదురు పరిగెత్తింది. నాన్నను ఆనుకుని పడుకోవాలని మూడేళ్లుగా దాని ఆశ. కానీ గవరయ్య ఒంటి మీద ముళ్లన్నీ నిక్కబొడుచుకుని ఉన్నాయి. ఎంతకీ దిగలేదు.

"దగ్గరికి రాకమ్మా, గుచ్చుకుంటాయి" అన్నాడు.

ఆ అడవిలో ఏ బాధకైనా ఒకటే మందు, సన్మానం. పెద్దకోతి డప్పు కొట్టించి గవరయ్యకు శాలువా కప్పింది. డప్పు మోగగానే ముళ్లు ఇంకా నిక్కాయి. శాలువా కాస్తా జల్లెడైంది.

"సన్మానం చాల్లేదు" అంది కోతి.

రెండోసారి అయిదు డప్పులు మోగాయి. "పడుకోండ్రా!" అని గవరయ్య కేక పెట్టాడు. అందరూ పడుకున్నారు. ఏనుగు మామ కూడా పడుకున్నాడు, బూరెల బుట్ట మీద.

"ఇంకా చాల్లేదు!" అంది కోతి.

మూడోసారి ఇరవై డప్పులు. గవరయ్య బొరియలోంచి బయటికే రాలేదు. కోతి బొరియకే దండ వేసింది. బొరియకే సన్మానపత్రం చదివింది. బొరియకు ఇసుమంతైనా గర్వం లేదని మెచ్చుకుని వెళ్లిపోయింది.

అందరూ పోయాక బంగారి బొరియ ముందు కూర్చుంది.

"నాన్నా, డప్పంటే నీకు భయమా?"

"డప్పంటే కాదమ్మా. చెప్పకుండా వచ్చే చప్పుడంటే భయం. అక్కడ చప్పుడు వచ్చిన ప్రతిసారీ మాలో ఒకరు ఉండేవారు కాదు."

బంగారికి ఏడుపొచ్చింది. ఏడ్చింది. తర్వాత కళ్లు తుడుచుకుని ఇల్లిల్లూ తిరిగింది. "చప్పుడు చేసే ముందు మా నాన్నకు చెప్పండి" అని బతిమాలింది.

మర్నాటి నుంచి అడవి తీరే మారిపోయింది.

"గవరయ్యన్నా, చెట్టు మీద పన్నెండు దెబ్బలు కొడతాను" అనేది వడ్రంగిపిట్ట.

"గవరయ్యా, తుమ్ముతున్నా!" అనేవాడు ఏనుగు మామ. అడవంతా ఊపిరి బిగబట్టేది. "ఆగిపోయిందయ్యా, ఏమనుకోకు."

"మరి నా ఇరవై డప్పులూ?" అని కోతి మూతి ముడుచుకుంది.

"బోర్లించి వాటి మీద కూర్చో తాతా" అంది బంగారి.

గవరయ్య ముళ్లు కొద్దికొద్దిగా వాలసాగాయి. ఒక మధ్యాహ్నం ఫెళ్లున ఉరిమింది. ముళ్లన్నీ ఒక్కసారిగా లేచాయి. బంగారి పారిపోలేదు, మీద పడనూ లేదు. జానెడు దూరంలో కూర్చుంది.

"ఉరుము నాన్నా. చెప్పకుండా వచ్చింది. దానికి బుద్ధి లేదు."

గవరయ్య దానివైపు చూశాడు. మూడేళ్ల తర్వాత మొదటిసారి నవ్వాడు. ముళ్లు ఒక్కొక్కటే దిగాయి. ఆఖరి ముల్లు దిగేదాకా ఆగి, బంగారి నాన్నను ఆనుకుని నిద్రపోయింది.

సాయంత్రం మళ్లీ ఉరిమింది. ముళ్లు మళ్లీ లేచాయి. బంగారి లేచి, జానెడు దూరం జరిగి కూర్చుంది.

నీతి: యుద్ధం నుంచి వచ్చినవాడికి శాలువా కప్పడం ఒక్క పూట పని. అతని లోపలి యుద్ధం ఆగేదాకా పక్కన కూర్చోవడమే అసలైన సన్మానం.